కొండ గుగ్గిలం కోసం ఐదు రోజులు

మొదటి రోజు

రాత్రి రైలు కోడూరు దాటేసరికి బాగా తెల్లవారింది. కుడివైపు కిటికీలో శేషాచలం కొండలు. ఫాల్గుణం కదా, చెట్లన్నీ ఆకులు దులిపేసుకున్నాయి, కొండ వీపు మీద రాళ్లు లెక్కపెట్టుకోవచ్చు. అక్కడక్కడా కొండగోగు చెట్టు మాత్రం ఒక్క ఆకైనా లేకుండా ఒళ్లంతా పసుపు పూలతో వెలిగిపోతోంది. ఎదుటి సీటులోని పెద్దావిడ కొండకు దండం పెట్టుకుంది. నేను కిటికీ ఊచలకు ముఖం ఆనించి, ఆ మోళ్లలో నా చెట్టు ఏదై ఉంటుందా అని వెతుకుతున్నాను.

కర్నూలులో ముప్పై ఏళ్లు ఇంటర్మీడియట్ పిల్లలకు వృక్షశాస్త్రం చెప్పాను. ఒకే చోట పుట్టి, అక్కడ తప్ప లోకంలో మరెక్కడా సహజంగా పెరగని జాతులకు ఉదాహరణ చెప్పాల్సి వచ్చినప్పుడల్లా నల్లబల్ల మీద ‘బోస్వెల్లియా ఓవాలిఫోలియోలేటా’ అని రాసి, పక్కన ‘కొండ గుగ్గిలం’ అని రాసి, కింద గీత గీసేదాన్ని. ఒకసారి వెనక బెంచీ పిల్లవాడు “అది ఎలా ఉంటుంది మేడం?” అని అడిగాడు. “చిన్న చెట్టు, ఆకు రాల్చేది” అని దాటవేశాను. నిజానికి నేనూ చూడలేదు. చూడకుండానే పదవీ విరమణ కూడా చేశాను.

స్టేషనుకు చెల్లెలు వచ్చింది. తిరుపతిలో కాపురం ఉండి ఇరవై ఆరేళ్లయింది.

“దర్శనం టికెట్టు తీసుకున్నావా అక్కా?”

“లేదు. చెట్టు చూడటానికి వచ్చాను.”

“స్వామిని చూడవా?”

“ఆయన ఎక్కడికీ పోడు. చెట్టే పోయేలా ఉంది.”

చెంపలు వేసుకుంది, నా తరఫున.

సాయంత్రం గోవిందరాజస్వామి గుడి దగ్గర పూజా సామగ్రి దుకాణాలకు తీసుకెళ్లింది. చెట్టును చూడబోయే ముందు దాని జిగురునైనా చూద్దామని నా ఆశ. “గుగ్గిలం ఇవ్వండి” అన్నాను. దుకాణదారు “ఏ గుగ్గిలం?” అన్నాడు. అంటూనే మూడు డబ్బాలు ముందు పెట్టాడు. మొదటిదానిలో మట్టిరంగు పలుకులు. అది సాల వృక్షం జిగురు, ఉత్తరాది అడవుల నుంచి వస్తుంది. మన నిఘంటువుల్లో గుగ్గిలం అంటే చాలావరకు అదే. రెండోది నల్లగా, మెత్తగా, వేలికి అంటుకునేది. మహిసాక్షి. అది ఎడారి మొక్కది. రాజస్థాన్, కచ్ ప్రాంతాల ముళ్ల పొదల నుంచి వస్తుంది. ఆ పొద కూడా జిగురు కోసం నరికించుకుని నరికించుకుని అంతరించే అంచుకు చేరింది. మూడోది బూడిదరంగు గడ్డ, లోపల తెల్లని పలుకులు. “ఇది అసలైన సాంబ్రాణి. ఇండోనేషియా సరుకు” అన్నాడు గర్వంగా.

“ఈ కొండ మీద కాసేది లేదా?” అని వేలితో తిరుమల వైపు చూపించాను.

అతను కొండ వైపు చూశాడు, నా వైపు చూశాడు. “కొండ మీద కాసేది చందనం అమ్మా. అది మేం అమ్మం” అన్నాడు.

సుమత్రా నుంచి సముద్రం దాటి వచ్చిన ధూపం దొరుకుతుంది గానీ, గుడి గోపురం మీదుగా తలెత్తితే కనిపించే కొండది దొరకలేదు. రోట్లో తల దూర్చాక రోకటి పోటుకు వెరవకూడదనుకుని మరో నాలుగు దుకాణాలు తిరిగాను. ఒకాయన మాత్రం “కొండ సాంబ్రాణి అనేవారు. మా నాన్న ఉన్నప్పుడు అడవి నుంచి యానాదులు తెచ్చి ఇచ్చేవారు. ఇప్పుడు రావడం లేదు” అన్నాడు. ఆ రాత్రి చెల్లెలి ఇంట్లో ఇండోనేషియా సాంబ్రాణే వేసుకున్నాం.

రెండో రోజు

చెల్లెలికి మెట్ల మొక్కు ఉంది. శ్రీవారి మెట్టు దారి, శ్రీనివాస మంగాపురం వైపు నుంచి 2,388 మెట్లు. చంద్రగిరి నుంచి కృష్ణదేవరాయలు ఈ దారినే కొండెక్కేవాడని చెబుతారు. అలిపిరి దారి కంటే దూరం తక్కువ, నిటారు ఎక్కువ. మోకాళ్ల వయసు ఎంతో ఈ దారి మొహం మీదే చెప్పేస్తుంది.

ఆమె ప్రతి మెట్టుకూ పసుపు రాసి, కుంకుమ బొట్టు పెట్టి, వంగి లేస్తూ ఎక్కుతోంది. నేను తలెత్తి కొమ్మలు చూస్తూ ఎక్కుతున్నాను. ఆమె చూపు మెట్టు దాటి పైకి రాదు, నా చూపు మెట్టు మీదికి దిగదు. రెండుసార్లు పడబోయాను. రెండుసార్లూ ఆమే చెయ్యి పట్టుకుంది.

నా దగ్గర పక్కా ఏర్పాటే ఉంది. గుర్తు ఆకులో ఉంటుంది. మన అడవుల్లో దీనికి ఒక దాయాది ఉంది, అందుగు చెట్టు. దాని చిట్టి ఆకులు సన్నగా, పొడవుగా, అంచున రంపపు పళ్లతో ఉంటాయి. కొండ గుగ్గిలం చిట్టి ఆకులు కోడిగుడ్డులా ఉంటాయి. లాటిన్ పేరుకు అర్థమే అది. ఇంత చదువుకుని వచ్చినదాన్ని నూరో మెట్టు దగ్గర గానీ అసలు సంగతి గ్రహించలేదు. ఇది ఆకు రాల్చే కాలం. ఈ చెట్టు ఎండాకాలం ముంగిట మోడై పూస్తుంది. ఆకు చూసి గుర్తుపట్టాలని వచ్చినదానికి కొండంతా ఒక్క ఆకు లేదు!

తెల్లని నున్నటి బెరడు కనిపించగానే “ఇదే” అని నిలబడిపోయాను. మెట్లు ఊడుస్తున్న కార్మికుడు నవ్వాడు. “అది తపసి అమ్మా.” ఇంకొంచెం పైన మరొకటి. “అది జలారి.” ఇంకొకటి చూపించబోతే అతనే ముందుగా “అది ఎండిపోయిన వేప” అన్నాడు. ముప్పై ఏళ్ల ఉపాధ్యాయురాలిని చీపురుకట్ట పరీక్ష తప్పించింది.

పైకి చేరాక సాయంత్రం శిలాతోరణం దగ్గర కూర్చున్నాం. క్వార్ట్‌జైట్ రాయి గాలికీ నీటికీ అరిగి తనంతట తానే వంపు తిరిగిన తోరణం. ఘాట్ రోడ్డులో ఈ రాయి ఇంకా పాతదైన గ్రానైటు మీద ఎక్కి కూర్చున్న చోటు కనిపిస్తుంది. ఆ రెండు రాళ్ల మధ్య వయసు తేడా యాభై కోట్ల ఏళ్లకు పైమాటే. ఈ రాతి మీద మట్టి ఒక పొర అంతే, వాన పడితే జారిపోతుంది, ఎండ పడితే కాలిపోతుంది. కొండ గుగ్గిలం కోరి కోరి ఇలాంటి చోటే వేళ్లు దించుతుంది. మెత్తని నేలలో పోటీపడలేక ఇక్కడికి చేరిందా, ఇక్కడే పుట్టి ఇక్కడే స్థిరపడిందా అని ఆలోచిస్తుండగా చెల్లెలు కాళ్లకు జండూబామ్ రాసింది.

మూడో రోజు

ఫాల్గుణ పౌర్ణమి. తుంబురు తీర్థ ముక్కోటి. మామూలు రోజుల్లో ఆ అడవిలోకి యాత్రికులను పోనివ్వరు. ఈ పర్వానికి దారి తెరుస్తారు. ఈ తిథి చూసుకునే నేను ప్రయాణం పెట్టుకున్నాను. చెల్లెలికి తీర్థం, నాకు అడవి.

చీకటితోనే పాపవినాశనం చేరాం. ఆనకట్ట దగ్గర అప్పటికే జనం. దేవస్థానం వాళ్లు పొట్లాలు, మజ్జిగ, మంచినీళ్లు ఇస్తున్నారు. గుండె జబ్బులవాళ్లు, ఆయాసం ఉన్నవాళ్లు రావద్దని మైకులో చెబుతూనే ఉన్నారు, వాళ్లు వస్తూనే ఉన్నారు.

దారి అంటే దారి కాదు. బండ ఎక్కడం, వాగు దిగడం, మళ్లీ బండ. కాలికింద ఎండుటాకులు అప్పడాల్లా విరుగుతున్నాయి. ఇలాంటి మార్చిలోనే, 2014లో, ఈ కొండలకు నిప్పంటుకుంది. ఆర్పలేక వైమానిక దళం హెలికాప్టర్లతో నీళ్లు చల్లాల్సి వచ్చింది. పెద్ద చెట్లు కాలినా కొన్ని మళ్లీ చిగురిస్తాయి. కిందటి వానకు మొలిచి బెత్తెడు ఎత్తున నిలబడ్డ పిల్ల మొక్కలకు ఆ అవకాశం ఉండదు. ఇవన్నీ చెప్పుకుంటూ నడుస్తుంటే ముందున్న చెల్లెలు ఆగింది.

“అక్కా, ఇక్కడ ఎవరో ధూపం వేశారు.”

చుట్టూ చూశాను. పొగ లేదు, పూజ లేదు, ఒక చిన్న రాతి విగ్రహమైనా లేదు. గాలి మాత్రం గుడి గర్భాలయం గుమ్మం దగ్గర నిలబడినట్టుంది. ఆమె ముక్కెగరేస్తూ దారి పక్కకు నాలుగడుగులు వేసి, ఒక మోడు మీద చెయ్యి వేసింది. ఆ చెయ్యి వాసన చూసుకుని నా ముక్కు దగ్గర పెట్టింది.

“ఇదే.”

నిన్నటి నుంచి నేను కళ్లతో వెతుకుతున్నాను. నలభై ఏళ్లుగా శుక్రవారం శుక్రవారం నిప్పుల మీద సాంబ్రాణి వేస్తున్న ముక్కు ఒక్క క్షణంలో పట్టేసింది.

చెట్టు పెద్దదేమీ కాదు. నా తలమీద మరో ఇద్దరు నిలబడితే చివరి కొమ్మ అందుతుంది. మాను వంకరగా బండ సందులోంచి లేచింది. బెరడు పసుపూ బూడిదా కలిసిన రంగులో, కాగితం పొరల్లా లేస్తోంది. ఊడిన చోట కింద లేత ఆకుపచ్చ కనిపిస్తోంది. ఆకులు రాలిపోయినప్పుడు వంట ఆ బెరడే చేస్తుందేమో అనిపించింది. ఒక పాత గాటు దగ్గర జిగురు బొట్లుగా కారి గట్టిపడింది. పైది తేనెరంగు, కొత్తది కన్నీటి బొట్టంత స్వచ్ఛంగా ఉంది. కొమ్మల చివర గుత్తులుగా చిన్న చిన్న లేత తెలుపు పూలు. వాటి చుట్టూ తేనెటీగలు ఝుమ్మంటున్నాయి. వాటి మీదే ఈ చెట్టు వంశమంతా ఆధారపడి ఉంది. పుప్పొడి వేరే చెట్టు నుంచి రావాలి. ఆ వేరే చెట్టు ఎక్కడుందా అని చూస్తే, వాగు అవతలి గట్టున ఇంకొకటి, ఆపైన కొండ అంచున మరొకటి. గుంపుగా లేవు.

కింద కూర్చుని ఎండుటాకులు తిరగేశాను. చెట్టు మీద ఒక్కటీ లేని నా గుర్తు నేలమీద దొరికింది. ముడుచుకుపోయిన చిట్టి ఆకు. తడిపి అరచేతిలో పరిచాను. గుండ్రని కోడిగుడ్డు, రంపపు పళ్లు లేవు. వెనక బెంచీ పిల్లవాడు ఇప్పుడెక్కడున్నాడో.

ఈ కొండ మీదికి జనం ఎక్కడం మొదలై వెయ్యేళ్లు ఎప్పుడో దాటింది. శాసనాలు చెక్కారు, కీర్తనలు కట్టారు. తుంబురు కోనలో తరిగొండ వెంగమాంబ తపస్సు చేసింది. బోస్వెల్లియా అనే ప్రజాతికి పేరు పెట్టిన రాక్స్‌బర్గ్ సామర్లకోటలో పదేళ్లకు పైగా ఉండి, తెలుగు నేల మొక్కలనే బొమ్మలు వేయించాడు. అయినా ఈ చెట్టు వేరే జాతి అని తేల్చి శాస్త్రానికి పేరు ఇచ్చింది 1961లో, బాలకృష్ణన్, హెన్రీ అనే ఇద్దరు వృక్షశాస్త్రజ్ఞులు. పక్కవాళ్లు ఒమాన్, యెమెన్, సోమాలియాల్లో సాగించిన వైభోగం చూడండి. అక్కడి బోస్వెల్లియా జిగురు ఒంటెల మీద, ఓడల మీద రాజ్యాలకు రాజ్యాలను పోషించింది. మనది యాత్రికుల దారి పక్కనే ఉండి అనామకంగా పూసుకుంటూ వచ్చింది.

ఇలా మేమిద్దరం చెట్టు ముందు మోకాళ్ల మీద కూర్చుని ఉండగా వెనక నుంచి వస్తున్న గుంపు ఆగింది. “ఇక్కడ ఏ దేవుడమ్మా?” అని ఒకావిడ. నేను నోరు తెరిచే లోపే ఆమె చెప్పులు విడిచింది. ఇంకొకాయన కొబ్బరికాయ ఉందా అని ఎవరినో అడిగాడు. అయిదు నిమిషాల్లో మానుకు మూడు కుంకుమ బొట్లు పడ్డాయి. కర్పూరం వెలిగించబోతే మాత్రం ఇద్దరం కలిసి గట్టిగా అడ్డుకున్నాం. కింద ఎండుటాకులు! “జిగురు కారుతోందే, మహిమ!” అని ఒకాయన గోటితో పెకలించి బొట్టును జేబులో వేసుకున్నాడు. నేను వృక్షశాస్త్రం చెబితే ఎవరూ ఆగేవారు కాదు. మౌనంగా కూర్చుంటే గుడి అయిపోయింది. చెల్లెలు నవ్వలేక పవిట నోట్లో కుక్కుకుంది.

తుంబురు తీర్థం చేరేసరికి ఎండ నడినెత్తికి వచ్చింది. కొండ నిలువునా చీలినట్టు రెండు రాతి గోడలు, మధ్యలో నడుంలోతు చల్లటి నీళ్లు. ఆమె మునిగింది. నేనూ మునిగాను. చేతికి అంటిన గుగ్గిలం వాసన నీళ్లకు పోలేదు.

నాలుగో రోజు

కాళ్లు నావి కావు. అయినా మరిది కారు తీశాడు. భాకరాపేట మీదుగా తలకోన. శేషాచలం జీవావరణ ప్రాంతానికి ఇది ఇంకో వాకిలి. 2010లో ప్రకటించారు, దాదాపు 4,756 చదరపు కిలోమీటర్లు, చిత్తూరు, కడప కొండలు కలిపి.

చెక్‌పోస్టులో సంచులు విప్పించారు. డిక్కీ తెరిచారు, సీట్ల కింద తట్టారు. ఎర్రచందనం కోసం. నా చిన్న డబ్బాలో నిన్నటి ఎండుటాకును కూడా విప్పి చూసి, “ఇదేమిటి?” అన్నాడు ఉద్యోగి. చెప్పాను. “ఓ, గుగ్గిలమా” అని తిరిగి ఇచ్చేశాడు. అతని తప్పు లేదు. ఈ అడవికి వచ్చిన పోలీసులు, తుపాకులు, కోర్టు కేసులు, ప్రాణనష్టం అన్నీ ఒక్క చెట్టు చుట్టూనే తిరిగాయి. ఎర్రచందనం దుంగకు ధర ఉంది కాబట్టి కాపలా ఉంది. దాని పక్కనే నిలబడ్డ తెల్ల కరక్కాయకు, మొగి నేరేడుకు, కొండ గుగ్గిలానికి ఆ ధరా లేదు, ఆ కాపలా నీడ తప్ప సొంత కాపలా కూడా లేదు. నాకు ఇది న్యాయంగా తోచదు.

జలపాతం దగ్గర జనం సెల్ఫీలు దిగుతున్నారు. 270 అడుగుల ఎత్తు నుంచి ఈ కాలంలో పడేది ధార కాదు, తుంపర. మేం అక్కడ ఎక్కువసేపు లేం. కింద ఊళ్లో మరిది పరిచయస్థుడి ద్వారా ఒక యానాది పెద్దాయనను కలిశాం. వయసులో ఉన్నప్పుడు తేనె, జిగురు తెచ్చి అమ్మినవాడు. ఇంటి ముందు మంచం వాల్చి కూర్చోబెట్టాడు. చాలాసేపు తేనె గురించే మాట్లాడాడు. గుగ్గిలం గురించి అడిగితే నా ముఖం వైపు జాగ్రత్తగా చూశాడు. అధికారులేమోనని.

“పంతులమ్మనే పెద్దయ్యా, ఇప్పుడు ఆ ఉద్యోగం కూడా లేదు” అన్నాను.

“గుగ్గిలం తీయడం చిన్న గొడ్డలి పనమ్మా. మానుకు ఇంత, అరచేతి వెడల్పున పైచెక్క లేపాలి. లోపలి మెత్తటి దానికి దెబ్బ తగలకూడదు. వారం పది రోజులకు వెళితే గడ్డకట్టి ఉంటుంది, గీరి తీసుకోవడమే. ఒక ఏడాది తీసిన చెట్టును మరుసటి ఏడాది ముట్టుకోం. పూత మీద ఉన్నదాన్ని అసలే ముట్టుకోం.”

“ఎందుకు ముట్టుకోరు?”

“బాలింత దగ్గర పాలు పిండుకుంటామా?”

కాసేపు ఎవరూ మాట్లాడలేదు. చెట్టు తన గాయం మూసుకోవడానికి కార్చే జిగురు అది. పురుగు పట్టకుండా, బూజు రాకుండా తనకు తాను రాసుకునే మందు. మళ్లీ మళ్లీ గాటు పెడితే పూతకూ కాయకూ పోవలసిన సత్తువ మందుకే ఖర్చవుతుంది. నేను పాఠంలో ఇదే చెప్పేదాన్ని, నాలుగు వాక్యాల్లో, పాలూ బాలింతా లేకుండా.

“తరువాత పిల్లలు వచ్చారు” అన్నాడాయన. “వాళ్లది కాదు ఆ చెట్టు, వాళ్ల నాయనదీ కాదు. ఇవాళ నేను తీయకపోతే రేపు వేరేవాడు తీస్తాడని చుట్టూ కోసేశారు. చుట్టూ కోస్తే ఏముంటుంది? ఎండిపోయింది.” చుట్టుపక్కల చూపించడానికి మనవణ్ణి తోడిచ్చాడు. పర్యాటకుల దారి వెంట అరగంట నడిచాక ఒకటి కనిపించింది. నడుం ఎత్తున మానుకు పట్టీ వేసినట్టు బెరడు లేదు. పైన ఒక్క కొమ్మ మాత్రం పూసింది.

వచ్చేటప్పుడు పెద్దాయన తాటాకు బుట్టలోంచి నలుసంత పాత గుగ్గిలం తీసి చెల్లెలి చేతిలో పెట్టాడు. డబ్బు తీసుకోలేదు. “ఇంట్లో వేసుకోండి” అన్నాడు.

ఐదో రోజు

సాయంత్రం రైలు. పొద్దున తిరుపతి శివార్లలో మొక్కలు పెంచే ఒక నర్సరీకి వెళ్లాం. ఎర్రచందనం నారు వేల సంచుల్లో వరసలు తీరి ఉంది. గుగ్గిలం అడిగితే మొక్కలకు నీళ్లు పెడుతున్నామె లోపలికి, పాకనీడకు తీసుకెళ్లింది.

కాయ పగిలితే విత్తనం గాలికి పోతుందట. సరిగ్గా ఆ నాలుగు రోజులు కొండ మీద ఉండి పట్టుకోవాలి. పట్టినవాటిలో చాలా వాటిలో పప్పే ఉండదు. “దోసెడు చల్లితే వేళ్ల మీద లెక్క” అంది ఆమె. మొలిచినవాటిలోనూ మొదటి ఎండాకాలం దాటేవి తక్కువ. కొమ్మలు నాటి చూశారు, ప్రయోగశాలల్లో కణజాలంతోనూ పెంచి చూశారు. కొండ మీద బండ సందులో ఎవరూ నీళ్లు పోయకుండా బతికేది, ఇక్కడ నీడా నీరూ ఇచ్చినా అలుగుతుంది.

రెండేళ్ల మొక్కలు ఆరు ఉన్నాయి. నీళ్లు అందుతున్నాయి కాబట్టి ఈ కాలంలోనూ ఆకులు నిలిచాయి. నాకు ఇంత దూరం వచ్చాక మొదటిసారి పచ్చి ఆకు దొరికింది. చిట్టి ఆకు అంచు మీద వేలు నడిపించాను. మళ్లీ నడిపించాను. చెల్లెలు ఆకు తుంచకుండా, కాస్త నలిపి వదిలి, వేలు వాసన చూసింది.

“అమ్మకానికి ఉన్నాయా?” అని అడిగింది.

“లేవమ్మా. ఇవి మళ్లీ కొండకే.”

స్టేషనులో పెద్దాయన ఇచ్చిన నలుసును రెండు ముక్కలు చేసింది. చిన్నది తను ఉంచుకుంది, పెద్దది నాకు చీటీలో చుట్టి ఇచ్చింది. రేణిగుంట దాటాక చీటీ విప్పాను. ఎదుటి బెర్తు పిల్లవాడు ఫోనులోంచి తలెత్తి, “ఆంటీ, ఏదో గుడి వాసన వస్తోంది” అన్నాడు. ఎడమవైపు కిటికీలో కొండ చీకటిపడుతోంది. వాడికి కిటికీ పక్కన చోటిచ్చాను.